బురద వైపు చూపించిన వేళ్లు

పద్నాలుగో భాగం

పోయిన వారం కథ సర్కారు ఆఫీసు మెట్ల దగ్గర ఆగింది. నలభై రెండు పడవల వాళ్లూ ఉతికిన చొక్కాలు వేసుకుని, మాట్లాడాల్సినవన్నీ దారిలోనే మాట్లాడేసుకుని, తీరా మెట్ల దగ్గరికి వచ్చేసరికి ఒకరి వెనక ఒకరు దాక్కోవడం మొదలుపెట్టారు. వాళ్లని అక్కడిదాకా లాక్కొచ్చినవి ఎర్ర పీపాలు. సముద్రంలోకి రెండు కిలోమీటర్ల రాతిగట్టు పోసి పెద్ద ఓడలకి రేవు కడతామన్న కంపెనీ, గట్టు వచ్చే దారి పొడవునా గుర్తుగా ఆ పీపాలు నీళ్ల మీద వేసింది. ఏడాది కిందటి పటంలో ఆ దారి బురద వైపు, అంటే సముద్రం అడుగంతా బురదే ఉండే వైపు, ఉండేది. ఇప్పుడు పీపాలు బండ మీద తేలుతున్నాయి.

బండంటే నీళ్ల అడుగున ఉన్న రాతిమెట్ట. పైనుంచి చూస్తే అక్కడ నీళ్లు తప్ప ఏమీ కనిపించవు. అలాంటిదొకటి ఉందని ఊరందరికీ తెలుసు, దాని మీద చేప పడే చోటు మాత్రం ఎవరి రహస్యం వాళ్లది. ఆ ఒడ్డున పొయ్యి వెలిగే ప్రతి ఇంటికీ చేప అక్కణ్నుంచే రావాలి. దాని మీద రాళ్లు పోస్తే చేప ఉండదు, చేప లేకపోతే ఊళ్లో మనిషి ఉండడు. బురద వైపు పోసుకుంటే ఎవరికీ నష్టం లేదు. అక్కడ నాలుగు పీతలు తప్ప దొరికేదేమీ లేదు. కాబట్టి ఈ రోజు వాళ్లు అడగాల్సింది ఒక్కటే, గట్టుని పాత దారికి జరపమని.

ముందు మెట్లెక్కింది పంతులమ్మ. నిజానికి ఆవిడ పంతులమ్మేమీ కాదు. గంపలో చేపలు పెట్టుకుని వీధి వీధీ తిరిగి అమ్మే మనిషి. పదో తరగతి దాకా చదివింది, కాగితం చేతికిస్తే తడుముకోకుండా చదువుతుంది. అది చూసి ఊరు ఎగతాళిగా పెట్టిన పేరు అది. తర్వాత అందరికీ ఆవిడతో పని పడింది కనక ఎగతాళి పోయి పేరు మిగిలింది. పీపాలు వేశాక పడవకి పని తగ్గి మొగుడు వేరే రేవుకి కూలికి వెళ్లాడు. ఒక్కగానొక్క కూతురు తొమ్మిదో తరగతిలో ఉంది. ఇక ఇంట్లో మిగిలింది మామగారు, అంటే పడవ నడపడంలో తలపండిన పెద్ద సరంగు. ఒడ్డు మీది ఏ నీళ్ల ట్యాంకు ఏ పొగగొట్టం వెనక్కి వస్తే పడవ బండ మీదికి చేరినట్టో ఆయనకి తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదని ఊరంతా అంటుంది. కన్నకొడుక్కి కూడా ఆ గుర్తులు పెళ్లయిన నాలుగేళ్లకి చెప్పాడు. పిల్లనిచ్చినంత ఆలోచించి చెప్పాడు.

హాల్లో ప్లాస్టిక్ కుర్చీలు వరసగా వేసి ఉన్నాయి. మూడు ఫ్యాన్లలో ఒకటి తిరుగుతోంది. గోడకి సముద్రం పటం అంటించి ఉంది, మంచం మీద పరిచే దుప్పటంత ఉంటుంది. బల్ల వెనక ఆఫీసరు మేడమ్, ఆమెకి కుడి పక్క కంపెనీ ఇంజనీరు, ఎడమ పక్క కంపెనీ వకీలు, ఒక మూల టైపు చేసే అమ్మాయి. ఊరివాళ్లు వెనక వరస నుంచి నింపుకుంటూ వచ్చారు. ముందు వరసలో పంతులమ్మ, మామగారు తప్ప ఎవరూ లేరు.

"మీ తరఫున ఎవరు మాట్లాడతారు?" అని మేడమ్ అడిగింది.

వెనక నలభై తలలు ఒకేసారి పంతులమ్మ వైపు తిరిగాయి. ఆవిడ లేచి, దారంతా వల్లె వేసుకున్నది వల్లె వేసుకున్నట్టే చెప్పింది. గట్టు బండ మీదికి ఎందుకు వచ్చిందో మాకు తెలియదు, మా బతుకు బండ మీదే ఉంది, దయచేసి పాత దారికే జరపండి, అని.

ఇంజనీరు నొచ్చుకున్నాడు. నలభై ఏళ్ల మనిషి, ఎండకి నల్లబడ్డ మెడ, జేబులో రెండు పెన్నులు. చెడ్డవాడైతే ఈ కథ చెప్పడం నాకు ఎంతో తేలికయ్యేది, కానీ కాదు.

"అమ్మా, గట్టు జరిపింది మీ కోసమే. మొదట బురద వైపే అనుకున్నాం. తర్వాత మీ ఊరికి ఫారాలు పంపించాం, ఎవరెవరు ఎక్కడ వేట చేస్తారో రాసిమ్మని. నలభై రెండు మందీ బురద వైపే అన్నారు. బండ దగ్గర ఎవరూ వేట చెయ్యరని కూడా రాశారు. మీ పొట్ట కొట్టడం ఎందుకని పైవాళ్లతో ఎనిమిది నెలలు పోట్లాడాను. నీళ్లు లోతు, ఖర్చు ఎక్కువ, అయినా సరేనని ఇటు జరిపించాను." వరసలన్నీ కలయజూసి, "సంతోషిస్తారనుకున్నాను," అన్నాడు.

 గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నారని సామెత. ఇక్కడ నలభై రెండు మందీ ఒకేసారి తడుముకున్నారు.

పంతులమ్మ కూర్చుంది. ఎందుకంటే ఆ ఫారాలు రాసింది ఆవిడే.

ఆ ఊరి సంగతి కొంచెం చెప్పాలి. ఎక్కడ వేట చేశావని అడిగితే అక్కడ ఎవరూ నిజం చెప్పరు. అది అబద్ధం కింద లెక్క కూడా కాదు. చేప దొరికే చోటు చెప్పడమంటే నోట్లో ముద్ద తీసి ఎదుటివాడి నోట్లో పెట్టడమే. బండ మీంచి తీసిన లంగరుకి బురద అంటదు. అది చూసి పట్టేస్తారేమోనని పెద్ద సరంగు ఒడ్డుకి వచ్చే ముందు బురద వైపు ఒక చుట్టు తిరిగి, లంగరుకి పనిగట్టుకుని బురద పట్టించి తెచ్చేవాడు. పంతులమ్మ కాపురానికి వచ్చిన మొదటి వారమే అత్తగారు కూర్చోబెట్టి నేర్పింది. ఎవరడిగినా, దేవుడు దిగొచ్చి అడిగినా, బురద వైపని చెప్పు.

ఫారాలు వచ్చినప్పుడు మూడు రోజులు పంతులమ్మ అరుగు మీద తిరనాళ్లలా ఉంది. ఒక్కొక్కరే వచ్చారు. వెనక ఎవరూ లేరని చూసుకుని, గొంతు తగ్గించి, "బురద వైపని రాయి వదినా," అన్నారు. గట్టు ఎటు వస్తుందోనన్న ధ్యాస ఒక్కరికీ లేదు. పక్కింటివాడు ఆ కాగితం చూస్తాడేమోనన్నదే వాళ్ల దిగులు. పంతులమ్మకి తెలియని సంగతా? రోజూ వాళ్ల చేపలే అమ్ముతుంది. ఎర్రటి రాతి చేప బురదలో పుట్టదు. అయినా నవ్వుకుంటూ రాసింది. పన్నెండో ఫారం దగ్గర అడగడం కూడా మానేసి ముందే రాసి పెట్టుకుంది. మీరే చెప్పండి, ఆ నవ్వు ఇప్పుడు గుర్తొస్తే ఆ మనిషికి ఎలా ఉంటుంది?

ఆవిడ మామగారి వైపు వంగింది.

"మామయ్యా, లేచి బండ మీద మన చోటు చూపించండి."

"ఎవరికి?"

"మేడమ్‌కి."

"మేడమ్ ఒక్కతే ఉందా ఇక్కడ? వెనక మా తమ్ముడున్నాడు. వాడి పక్కన వాడి కొడుకులున్నారు. ఇప్పుడు వేలు పెట్టానంటే రేపు పొద్దున్నకి అక్కడ నలభై పడవలుంటాయి."

"వేలు పెట్టకపోతే రేపు అక్కడ బండే ఉండదు."

పెద్ద సరంగు అరచేతులతో మోకాళ్లు రుద్దుకున్నాడు. "మా నాన్న పోయే ముందు నా ఒక్కడికే చెప్పాడమ్మాయ్. తమ్ముడికి కూడా చెప్పొద్దన్నాడు. ముప్పై ఏళ్లయింది. వాడు పెళ్లాన్ని ఆసుపత్రిలో పెట్టుకుని, చేప దొరక్క తిరిగినప్పుడు కూడా చెప్పలేదు. ఈ రోజు వాడి ముందు చెబితే ఇన్నాళ్లూ చెప్పనివాణ్ని ఏమంటారు?"

"ఏమన్నా పడండి. పడదాం," అంది పంతులమ్మ.

ఆయన లేచాడు. పటం దగ్గరికి నడుస్తుంటే హాలంతా మెడలు సాచింది. సంతకం తప్ప అక్షరాలు రాని మనిషి, పటం ఎప్పుడూ చూడని మనిషి. ఒడ్డు గీత మీద ట్యాంకు ఏది, పొగగొట్టం ఏది అని ఇంజనీరుని అడిగి తెలుసుకున్నాడు. రెండింటినీ కళ్లతోనే ఒక వరసలోకి తెచ్చుకుని, నీళ్లలోకి వెళ్లి, చూపుడు వేలు పెట్టాడు.  పీపాల గీత సరిగ్గా దాని కిందుగా పోతోంది.

"ఇక్కడ," అన్నాడు. "మా తాతలప్పటి నుంచి ఇక్కడే."

వెనక వరసలో ఒక కుర్చీ కిర్రుమంది. లేచింది తమ్ముడు. అతన్ని ఊళ్లో చిన్న సరంగంటారు. అన్నదమ్ములు పలకరించుకుంటారు, కానీ ఒకరింట్లో ఒకరు మంచినీళ్లు తాగి చాలా ఏళ్లయింది.

"అది నీదెలా అవుతుందన్నా? అది నాది," అన్నాడు. వచ్చి అన్న వేలి పక్కనే వేలు పెట్టాడు. "నాకు పిల్లనిచ్చిన మామ చూపించాడు. పచ్చ మేడ మూలకి కొండ పల్లం రావాలి. నువ్వు వస్తున్నావని కనబడితే లంగరు లేపుకుని బురద వైపు పోయేవాణ్ని."

"నేనూ అంతే," అన్నాడు పెద్ద సరంగు. "నువ్వు కనబడితే నేనూ అటే పోయేవాణ్ని."

తర్వాత ఎవరూ పిలవకుండానే వచ్చారు. చెవిటి సరంగు వచ్చాడు, వలల మేస్త్రీ వచ్చాడు, కొత్త పడవ ఆసామి వచ్చాడు. ఒక్కొక్కడికీ ఒక్కో గుర్తు, ఒక్కో వరస, ఒక్కో తాత చెప్పిన రహస్యం. వేళ్లన్నీ వచ్చి ఆగింది అరచేయంత చోటులోనే. ఎవడికి వాడు బండలో తన మూల మాత్రమే చూశాడు, అది తన ఒక్కడిదే అనుకున్నాడు. తోటివాడి పడవ కనబడగానే బురదలోకి పారిపోయి వల వేసినట్టు నటించాడు. తరాల తరబడి ఊరు ఊరంతా ఒకే కంచంలో తిని, ఒకరి కంట ఒకరు పడకుండా మూతి తుడుచుకుంది. ఎవడో ఒకడు ముందుగా నవ్వాడు. పటం దగ్గర నిలబడ్డ పదిమందీ నవ్వారు. ఇంజనీరు నవ్వలేదు. అతను పటం వంక చూస్తూ రెండు చేతులూ తల మీద పెట్టుకున్నాడు. తను ఎనిమిది నెలలు పోట్లాడి సాధించింది ఏమిటో అతనికి అప్పుడు అర్థమైంది. కొండ నాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడిందంటే ఇదే.

"అయితే జరపొచ్చు కదా సార్ మళ్లీ?" అని పంతులమ్మ అతన్నే అడిగింది. ఆవిడ గొంతులోకి ప్రాణం వచ్చింది.

అతను నోరు తెరిచేలోపు వకీలు లేచాడు. పొట్టి మనిషి, మెత్తటి గొంతు. కంపెనీ ఆయన్ని ఇలాంటి సమయం కోసమే పెట్టుకుంది.

"మేడమ్, ఒక్క మాట. గట్టు బురద వైపు ఉన్నన్నాళ్లూ వీళ్లు బురద వైపు వేట చేస్తామన్నారు. గట్టు బండ మీదికి రాగానే బండ మీద చేస్తామంటున్నారు. గట్టు ఎటు వస్తే చేపలు అటు వస్తాయా? రేపు పాత దారికి జరిపితే మళ్లీ ఏమంటారు? అప్పుడు సంతకం పెట్టి చెప్పింది నమ్మాలా, ఇప్పుడు గోడ దగ్గర నవ్వుతూ చెప్పింది నమ్మాలా?"

నవ్వులు ఆగిపోయాయి. వేళ్లు ఒక్కొక్కటే పటం మీంచి దిగాయి.

మేడమ్ ఫైలు తెప్పించుకుంది. ఒక ఫారం తిప్పింది, ఇంకొకటి తిప్పింది. కళ్లజోడు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకుని ఆరేడు ఫారాలు బల్ల మీద పక్కపక్కనే పరిచింది. "ఇవన్నీ ఒకరే రాశారు," అంది. "ఎవరు?"

పంతులమ్మ లేచి నిలబడింది.

మేడమ్ ఆవిడ వైపు చాలా సేపు చూసింది. ఆ చూపులో కోపం లేదు. రూలు చదివి వినిపిస్తున్నట్టు, ఒక్కో మాటా విడదీసి చెప్పింది. "సంతకం పెట్టి ఇచ్చిన మాట వెనక్కి తీసుకోవడానికి లేదు. అబద్ధం చెప్పామన్నా సరే, లేదు. గట్టు ఇక్కడే వస్తుంది. అయితే ఆ మాట వాళ్లది కాదని, వాళ్లకి తెలియకుండా ఎవరో రాసేశారని తేలితే వేరు. అప్పుడు ఈ ఫారాలు చెల్లవు. వీటిని నమ్మి వేసిన పటమూ చెల్లదు. మొదటి నుంచి సర్వే చెయ్యాలి. అలా రాసినవాళ్లని మాత్రం నేను పోలీసులకి అప్పగించాలి." ఫారాలు ముందుకి జరిపింది. "చూసుకుని చెప్పమ్మా. వాళ్లు చెబితే రాశావా, నీ అంతట నువ్వే రాశావా?"

పంతులమ్మకి అర్థం కావడానికి ఎంతో సేపు పట్టలేదు. కూతురి జడ గుర్తొచ్చింది. పొద్దున హడావిడిలో వదులుగా వేసి పంపించింది. సాయంత్రానికి ఎవరు విప్పి వేస్తారు? మొగుడు ఉన్న రేవుకి కబురు వెళ్లాలంటే రెండు రోజులు. ఆవిడకి భయం వేసింది.  ఆ భయంతోనే మాట్లాడింది.

"నేనే రాశానండి. ఎవర్నీ అడగలేదు. ఖాళీ కాగితాల మీద సంతకాలు పెట్టించుకుని, తర్వాత ఇంట్లో కూర్చుని నాకు తోచింది రాసేశాను. నలభై రెండూ."

టైపు చేసే అమ్మాయి వేళ్లు టకటకలాడాయి. వకీలు మొహంలో మొదటిసారి చిరాకు కనిపించింది. మేడమ్ తల దించుకుని పెన్ను మూత తీసింది. ఇంకొక్క నిమిషం గడిచి ఉంటే అంతా అయిపోయేది.

"అబద్ధం," అన్నాడు పెద్ద సరంగు.

ఆయన ఇంకా పటం దగ్గరే ఉన్నాడు. "ఆ పిల్ల అబద్ధం చెబుతోంది మేడమ్. నా ఫారం నేను చెప్పిందే రాసింది. ఎదురుగా కూర్చుని చెప్పాను. రాశాక చదివి వినిపించింది, విన్నాకే సంతకం పెట్టాను. మావాడు ఊళ్లో లేడు. కోడల్ని పోలీసులకి అప్పగించి ఇంటికెళ్లి అన్నం తినమంటారా నన్ను? ఆ చేపలు నాకొద్దు."

ఈ పూట దాకా డెబ్బై ఏళ్లు సముద్రం గురించి ఒక్క నిజం చెప్పని మనిషి. చెప్పక చెప్పక చెప్పిన నిజం ఇదీ. ప్రేమతో చెప్పాడు, అందులో సందేహం లేదు. ఊరి నెత్తిన బండెడు రాళ్లు పడ్డాయి, అందులోనూ సందేహం లేదు.

వకీలు మొహం వికసించింది. "పెద్దాయన మాట రికార్డు చెయ్యండి మేడమ్. నలభై రెండూ తనే కల్పించానంది ఈవిడ. అందులో ఒక్కటి వాళ్లు చెప్పిందని తేలినా ఆవిడ మాట మొత్తం పోతుంది."

టైపు చేసే అమ్మాయి తలెత్తింది. "ఏది టైపు కొట్టమంటారు మేడమ్?"

మేడమ్ పెన్ను బల్ల మీద పెట్టింది. హాలుని ఈ చివర నుంచి ఆ చివర దాకా చూసింది. "సంతకాలు పెట్టినవాళ్లు అందరూ ఇక్కడే ఉన్నారు కదా. వాళ్లనే అడుగుతాను. ఈవిడ మీ చేత ఖాళీ కాగితం మీద సంతకం పెట్టించుకుందన్నవాళ్లు చెయ్యెత్తండి. అందరూ ఎత్తితే ఫారాలు కొట్టేస్తాను, ఈవిడ మీద కేసు రాస్తాను. ఒక్కరు ఎత్తకపోయినా ఫారాలు నిలుస్తాయి. ఆలోచించుకోండి."

 వాళ్లందరి ఇళ్లలో పురుళ్లకి పంతులమ్మ దీపం పట్టుకుని నిలబడింది, ఆ పిల్లల బడి కాగితాలు రాసింది. ఆవిడ ముందు వరస నుంచి వెనక్కి తిరిగి వాళ్ల వంక చూసింది. ఒక్కొక్కడూ నేల చూపులు చూశాడు.

మొదటి చెయ్యి చిన్న సరంగుది. అతను ఆవిడ మొహం చూడకుండా, కిటికీ వైపు చూస్తూ ఎత్తాడు. "ఖాళీ కాగితమే," అన్నాడు. "ఏం రాసుకుందో మాకు తెలియదు." తర్వాత అతని కొడుకులు ఎత్తారు. వలల మేస్త్రీ కళ్లు తుడుచుకుని అదే చేత్తో ఎత్తాడు. ఒకడు ఎత్తినట్టే ఎత్తి దించేసి, పక్కవాణ్ని చూసి మళ్లీ ఎత్తాడు. వాళ్లు చేతులెత్తాలనే ఆవిడ కోరుకుంది. అయినా ఇంత తొందరగా లేస్తాయని అనుకోలేదు.

మేడమ్ వేలితో లెక్కపెట్టుకుంటూ వచ్చింది. "నలభై ఒకటి," అంది.

అందరూ పటం వైపు తిరిగారు. పెద్ద సరంగు రెండు చేతులూ వెనక్కి కట్టుకుని, గోడకి ఆనుకుని నిలబడి ఉన్నాడు. తల అడ్డంగా ఊపుతున్నాడు. చిన్న సరంగు ఎత్తిన చెయ్యి దించకుండానే, "అన్నా," అని ఒక్కసారి పిలిచి ఊరుకున్నాడు.

పంతులమ్మ కుర్చీల మధ్య నుంచి నడిచి మామగారి దగ్గరికి వెళ్లింది. కాపురానికి వచ్చిన పదహారేళ్లలో ఎప్పుడూ ఆయన్ని ముట్టుకుని ఎరగదు. వెనక్కి కట్టుకున్న ఆ కుడిచేతి మణికట్టు పట్టుకుంది.

"మామయ్యా," అంది, ఆయనకి మాత్రమే వినబడేట్టు. "చెయ్యెత్తండి."